అరువు దుఃఖం తీసేశాక మిగిలిన 26 నిమిషాలు: కేరళ యూదుల జ్ఞాపకాలపై ఒక డాక్యుమెంటరీ కేస్ స్టడీ

మా మొదటి రఫ్ కట్ నిడివి 38 నిమిషాలు. పాచి పట్టిన గోడ మీదుగా నెమ్మదిగా జరిగే కెమెరా, ఎండుటాకుల కింద హీబ్రూ అక్షరాల సమాధి రాయి, వెనక వయొలిన్, ఆఖర్న తెర నల్లబడుతుండగా ‘చివరి యూదులు’ అన్న అక్షరాలు. ఎడిటింగ్ గదిలో నలుగురం కూర్చుని చూసి గొంతు సవరించుకున్నాం. ఆ కట్‌ను ఇజ్రాయెల్‌లో ఒక మోషావ్‌లో, అంటే సహకార వ్యవసాయ గ్రామంలో, ఉంటున్న ఎనభై రెండేళ్ళ పెద్దావిడకు పంపాం. ఎర్నాకుళంలో పుట్టి, పదిహేడో ఏట ఇంటిల్లిపాదితో పాటు దేశం విడిచి వెళ్ళిన మనిషి. చిత్రంలో ఉన్న పాట ఆమెదే. మేమందరం ఆమెను అమ్మమ్మ అనే పిలిచేవాళ్ళం.

మరునాడు వీడియో కాల్‌లో ఆమె అడిగిన మొదటి మాట: “ఎవరు పోయారు?”

మాకు అర్థం కాలేదు. చావు ఇంటి సంగీతం పెట్టారు కదా, పోయింది ఎవరని అడుగుతోంది. ఆమె వెనక గోడ నిండా మనవల, మునిమనవల ఫోటోలు. వంటింట్లో ఎవరో కొబ్బరి తురుముతున్న చప్పుడు.

ఈ చిత్రం అక్కడి నుంచి రెండోసారి మొదలైంది. ఏం మార్చాం, ఎందుకు మార్చాం, ఎక్కడ చేతులు కాల్చుకున్నాం అన్నది ఇలాంటి పని తలపెట్టేవారికి పనికొస్తుందేమోనని రాస్తున్నాను. నాది గుంటూరు జిల్లా; పదేళ్ళకు పైగా కొచ్చిలో ఎడిటింగ్ పని మీద బతుకుతున్నాను. మలయాళం బాగానే అర్థమవుతుంది, మాట్లాడితే మాత్రం జనం నవ్వుతారు. ఒక విద్యాసంస్థ కోసం తెలుగు, మలయాళ వ్యాఖ్యానాలతో తీసిన చిన్న చిత్రం ఇది.

వయొలిన్ ఎక్కడిది?

మొదటి కట్‌లో మేం చేసిన తప్పుకు కారణం సోమరితనం అనుకోను. యూదుల పోయిన ఊళ్ళ గురించి ప్రపంచంలో తీసిన చిత్రాల్లో చాలావరకు ఒక మహా విధ్వంసం, రెండో ప్రపంచ యుద్ధ కాలంలో నాజీలు సాగించిన యూదుల ఊచకోత, నీడలో తీసినవి. పోలండ్‌లోనో లిథువేనియాలోనో ఒక ఊరికి ఊరే ఒక వేసవిలో మాయమైంది. అక్కడ మిగిలిన ఒక్క ఫోటో, ఒక్క సమాధి రాయి మోసే బరువు వేరు. ఆ చిత్రాలు చూసి చూసి మా చేతులకు ఆ వ్యాకరణం అలవాటైంది. ఖాళీ ప్రార్థన మందిరం కనిపించగానే కెమెరా తనంతట తానే నెమ్మదించేది.

కేరళ కథ వేరు. యూదులు ఇక్కడ కష్టాలు పడలేదని కాదు. 16వ శతాబ్దిలో వాళ్ళు పాత రేవు పట్టణం కొడుంగల్లూరును విడిచి కొచ్చి రాజు నీడకు చేరడం వెనక యుద్ధాలు, పోర్చుగీసు వారి ఒత్తిడి ఉన్నాయి. 1568లో కొచ్చి మట్టంచేరిలో కట్టిన యూదుల ప్రార్థన మందిరం, పరదేశీ సినగాగ్‌ను 1662లో పోర్చుగీసు వారు తగలబెట్టారు. డచ్చి వారు వచ్చాక, 1664లో అది మళ్ళీ లేచింది. కానీ ఇరుగుపొరుగు వాళ్ళు తరిమితే ఊరు విడిచిన సముదాయం కాదిది. 1948 నాటికి సుమారు 2,500 మంది ఉండేవారు. 1953, 1955 మధ్య వారిలో అత్యధికులు ఇజ్రాయెల్ వెళ్ళిపోయారు. సీయోనుకు, అంటే తమ పవిత్ర భూమికి, తిరిగి వెళ్తామన్న ఆశ వాళ్ళ ప్రార్థనల్లో, ఆడవాళ్ళ పాటల్లో తరతరాలుగా ఉన్నదే. నిజానికి వాళ్ళు ఇంకా ముందే బయల్దేరాల్సింది. కొచ్చి ప్రాంతంలో బోదకాలు ఎక్కువ కావడంతో ఆ వ్యాధి తమ దేశానికి వస్తుందని ఇజ్రాయెల్ ఆరోగ్య అధికారులు భయపడి అడ్డం పెట్టారు. ఇళ్ళూ వాకిళ్ళూ అమ్ముకుని, మూటలు కట్టుకుని, పిలుపు కోసం ఎదురుచూస్తూ కూర్చున్న కుటుంబాలు ఎన్నో.

అంటే పోయినవి గోడలు, వీధులు, ఒక మలయాళం, ఒక వంట, ఒక పాట పద్ధతి. మనుషులు బతికే ఉన్నారు, నెగెవ్ ఎడారి అంచున నెవాటిం గ్రామంలో పూలు పండించి అమ్మారు. అలాంటప్పుడు చిత్రంలో దుఃఖం ఉండకూడదా? ఉండాలి, కానీ అది వాళ్ళ దుఃఖం కావాలి. పోలండ్ నుంచి అరువు తెచ్చుకున్నది కాకూడదు. అమ్మమ్మకు బాధ ఉన్న చోటు మేం ఊహించిన చోటు కాదు. సినగాగ్ పాడుబడినందుకు ఆమె పెద్దగా నొచ్చుకోలేదు. “మనుషులు లేని ఇల్లు కూలక ఏం చేస్తుంది” అన్నది. వెళ్ళేటప్పుడు పక్కింటి క్రైస్తవుల ఇంట్లో వదిలేసిన ఇత్తడి దీపం గురించి మాత్రం మూడుసార్లు చెప్పింది.

కెమెరా ఎప్పుడూ ఒకే వీధికి వెళ్తుంది

కేరళ యూదులు అనగానే అందరూ వెళ్ళేది మట్టంచేరి జ్యూ టౌన్‌కు. వెళ్ళడంలో తప్పు లేదు. రాజప్రాసాదం గోడను ఆనుకుని పరదేశీ సినగాగ్, యూదు వర్తకుడు ఎజెకీల్ రహబి 1760లో కట్టించిన గడియారపు గోపురం, లోపల నేల మీద చైనా నుంచి తెప్పించిన 1,100 నీలి తెల్ల పలకలు, పైన గాజు దీపాల గుత్తులు. ఏ రెండు పలకలూ ఒకేలా ఉండవని గైడ్లు చెబుతారు. ఓపికగా వంగి చూస్తే కొన్ని నమూనాలే మళ్ళీ మళ్ళీ వస్తాయని తెలుస్తుంది, చేతి గీత వల్ల వచ్చిన తేడాలే మిగతావన్నీ. ఇంత చిన్న సంగతి చెబుతున్నది ఎందుకంటే, డాక్యుమెంటరీలు పుట్టించే అబద్ధాల్లో చాలావరకు ఇలాంటి ముచ్చటైన వాక్యాలే. మా స్క్రిప్టులోనూ ఆ వాక్యం రెండో చిత్తుప్రతి దాకా ఉంది.

ఆ ప్రాంతంలో ఎనిమిది సినగాగులు ఉండేవి. పరదేశీ వాటిలో ఒకటి మాత్రమే. దాన్ని కట్టినవారు స్పెయిన్, పోర్చుగల్, అలెప్పో, బాగ్దాద్ వంటి చోట్ల నుంచి తర్వాత వచ్చినవారు, సంఖ్యలో తక్కువ. ఎక్కువ మంది మలబారీ యూదులు, వాళ్ళకంటే చాలా ముందు నుంచి ఉన్నవారు. వాళ్ళ మందిరాలు మట్టంచేరిలో రెండు, ఎర్నాకుళంలో రెండు, పరవూరు, చేందమంగళం, మాళ ఊళ్ళలో ఒక్కొక్కటి. బాగా నిలబడిన చోటికే కెమెరా వెళ్తే, వలసపోయిన పెద్ద సముదాయం చిత్రంలో కూడా వలసపోతుంది. మా చిత్రంలో పరదేశీ సినగాగ్ 40 సెకన్లు ఉంటుంది. దీనిపై డబ్బు పెట్టినవారితో గట్టి వాదనే జరిగింది. పలకలు లేకుండా ఎవరు చూస్తారని వారి ప్రశ్న.

మేం ఎంచుకున్నది మట్టంచేరిలోని కడవుంభాగం సినగాగ్. మలయాళంలో ‘కడవు’ అంటే రేవు. రేవు వైపు వాళ్ళ మందిరం. దక్షిణం వైపు వాళ్ళది తెక్కుంభాగం, దాన్ని ఎప్పుడో కూల్చేశారు, ఆనవాలు లేదు. కడవుంభాగం 16వ శతాబ్దిది. జనం వెళ్ళిపోయాక చేతులు మారి సరుకుల గోదాము అయింది. దాని చెక్కడపు కలప పైకప్పు, లోపలి పనితనం 1990ల్లో జెరూసలేంలోని ఇజ్రాయెల్ మ్యూజియంకు చేరి అక్కడ తిరిగి నిలబడ్డాయి. అక్కడ సందర్శకులు చూసే తోరా మందసం, అంటే యూదుల పవిత్ర గ్రంథం తోరా చుట్టలను ఉంచే అలమర, మాత్రం దానిది కాదు, పరవూరు సినగాగ్ నుంచి వెళ్ళింది. కడవుంభాగం అసలు మందసం నెహలిం అనే మోషావ్‌లో ఉంది. ఒక ప్రార్థన గది ఇలా మూడు ముక్కలై మూడు చోట్ల బతుకుతోంది: గోడలు కొచ్చిలో, పైకప్పు జెరూసలేంలో, మందసం పల్లెలో. చిత్రానికి ఎముకల గూడు దొరికిందని ఆ రోజు స్క్రిప్టు పుస్తకంలో రాసుకున్నాను.

వాన వెలిశాక తీద్దామనుకుని

2019 మార్చిలో కడవుంభాగం గోడలను ఒక పూట తీశాం. మధ్యాహ్నపు ఎండ నెత్తిమీద నుంచి పడుతోంది, ముఖద్వారం గోడ మీద నీడలు కటువుగా వచ్చాయి. డిసెంబరులో వాలు వెలుగు బాగుంటుంది, అప్పుడు వచ్చి కొలతలతో సహా నింపాదిగా తీద్దామని కెమెరామన్, నేను అనుకున్నాం. సెప్టెంబరు వానల్లో ఆ ముందు గోడ కూలింది.

పేపర్లో ఫోటో చూసి ఇద్దరం చాలాసేపు ఫోను పట్టుకుని మౌనంగా ఉన్నాం. మా దగ్గర ఉన్నది మొత్తం 11 నిమిషాల ఫుటేజ్, అందులో పనికొచ్చేది 3 నిమిషాలు. కిటికీ చట్రాల దగ్గరి షాట్ ఒక్కటీ లేదు. ఎవరినీ నిందించడానికి లేదు. ఆ గోడ పరిస్థితి చూసిన వాళ్ళం, వాన గురించి తెలిసిన వాళ్ళం. ఆ తర్వాత మా బృందంలో ఒక పద్ధతి పెట్టుకున్నాం: పాత కట్టడం దగ్గరకు మొదటిసారి వెళ్ళిన రోజే, వెలుగు ఎలా ఉన్నా సరే, నాలుగు వైపుల నుంచి కదలని షాట్లు, ప్రతి తలుపుకూ కిటికీకీ ఒక ఫోటో, పక్కన ఒక కొలబద్ద. అందమైన షాట్లు తర్వాత. వినడానికి రికార్డు గది గుమాస్తా పనిలా ఉంటుంది, ఉండనివ్వండి.

కూలిన గోడను చిత్రంలో వాడామా? ఒక్క స్థిర షాట్, 9 సెకన్లు, సంగీతం లేకుండా. వెనక వీధిలో ఉల్లిపాయల బండి వాడి కేక వినిపిస్తుంది. దాన్ని తీసేయమని సౌండ్ మిక్సింగ్ చేసే అబ్బాయి అడిగాడు. ఉంచమన్నాను.

ఊదని కొమ్ము

చేందమంగళంలో కొండ మీద నిలబడితే గుడి శంఖం, మసీదు అజాన్, చర్చి గంట, సినగాగ్ కొమ్ము బూర నాలుగూ వినిపించేవని ఊళ్ళో ప్రతివారూ చెబుతారు. పర్యాటకుల కరపత్రాల్లోనూ అదే మాట. అరిగిపోయిన మాటే అయినా అందులో అబద్ధం లేదు. నాలుగు కట్టడాలూ నిజంగానే దగ్గర దగ్గరగా ఉన్నాయి. మేం ఒక ఆదివారం తెల్లవారుజాము నుంచి అక్కడ మైకులు పెట్టుకుని కూర్చున్నాం. మూడు శబ్దాలు దొరికాయి. నాలుగోది, పొట్టేలు కొమ్ముతో ఊదే షోఫార్, 1950ల నుంచి ఆ ఊళ్ళో నిత్యం వినిపించే శబ్దం కాదు.

నిర్మాత చాలా మంచి మనసుతో ఒక సలహా ఇచ్చారు. శబ్దాల భండారంలో షోఫార్ బోలెడంత దొరుకుతుంది, మిగతా మూడింటితో కలిపితే దృశ్యం పూర్తవుతుంది. నిజమే, పూర్తవుతుంది. ప్రేక్షకుడి ఒళ్ళు జలదరిస్తుంది కూడా. ఆ పని చేయలేదు. మూడు శబ్దాలు వినిపించాక నాలుగోదానికి పట్టేంత సమయం, 14 సెకన్లు, ఆ కొండ మీది గాలి శబ్దాన్ని అలాగే వదిలేశాం. వ్యాఖ్యానం లేదు. చూసిన వాళ్ళలో సగం మందికి ఏం జరిగిందో తెలియలేదు, సౌండ్ పోయిందనుకున్నారు. ఈ నిర్ణయం సరైనదేనా అని ఇప్పటికీ అనుమానమే, కానీ అతికించి ఉంటే అనుమానం కూడా మిగిలేది కాదు.

ఆ సినగాగ్ ప్రాంగణంలోనే ‘ఇజ్రాయెల్ కుమార్తె సారా’ సమాధి రాయి ఉంది. దాని మీది సంవత్సరం మన లెక్కలో 1269. భారతదేశంలో దొరికిన హీబ్రూ రాతల్లో అతి పాతదని చెబుతారు. మొదటి కట్‌లో ఎండుటాకుల కింద చూపిన రాయి ఇదే. ఆకులు మేమే చల్లామని ఇక్కడ ఒప్పుకోవాలి. ఆ ప్రాంగణాన్ని రోజూ ఊడుస్తారు. రెండో కట్‌లో ఊడ్చే చీపురుతో సహా తీశాం.

నోట్ బుక్కుల్లో ఉన్న ఊరు

ఈ పనిలో అసలు నిధి రాళ్ళ దగ్గర దొరకలేదు. కేరళ యూదు స్త్రీలు పెళ్ళిళ్ళకు, పండుగలకు, కొత్త మందిరం కట్టినప్పుడు పాడుకున్న మలయాళం పాటలను చేతిరాత పుస్తకాల్లో రాసుకునేవారు. తల్లి పుస్తకం చూసి కూతురు ఎత్తి రాసుకునేది. మగవాళ్ళ ముందు ఆడవాళ్ళు పాడకూడదన్న నియమం చాలా యూదు సముదాయాల్లో ఉంది, ఇక్కడ లేదు. వలస వెళ్ళేటప్పుడు ఈ పుస్తకాలు పెట్టెల్లో చీరల మధ్య వెళ్ళాయి. కొత్త దేశంలో పిల్లలు హీబ్రూలో పడ్డారు, పుస్తకాలు అటక ఎక్కాయి. 1970ల నుంచి పరిశోధకులు ఇంటింటికీ తిరిగి వాటి నకళ్ళు తీశారు, వృద్ధుల గొంతులు రికార్డు చేశారు. పి.ఎం. జుస్సే, స్కరియా జకారియా, బార్బరా జాన్సన్, ఒఫిరా గమ్లియేల్ వంటి వారి శ్రమ లేకుంటే మాలాంటి వాళ్ళు ఈ పాటల దరిదాపులకు వెళ్ళగలిగేవాళ్ళు కాదు.

ఇజ్రాయెల్ వెళ్ళే డబ్బు మా దగ్గర లేదు. అమ్మమ్మను చూసుకునే మలయాళీ అమ్మాయి మా పని నిలబెట్టింది. ఆ దేశంలో వృద్ధుల సంరక్షణ పనిలో కేరళ నుంచి, మన తెలుగు జిల్లాల నుంచి వెళ్ళినవాళ్ళు వేలల్లో ఉన్నారు. కొట్టాయం వైపు పిల్ల, ఎర్నాకుళం ముసలమ్మ, ఇద్దరి మధ్యా మలయాళం. ఫోనుకు తగిలించే చిన్న మైకు కొని పంపాం. ఫ్రిజ్ ఆపడం, పరుపు పక్కన గోడకు దుప్పటి వేలాడదీయడం, ప్రతి రికార్డు చివర ఒక నిమిషం ఎవరూ మాట్లాడకుండా గది నిశ్శబ్దాన్ని పట్టడం, అన్నీ వీడియో కాల్‌లోనే నేర్పాం. మూడో వారానికి ఆ అమ్మాయి మాకే సలహాలు ఇవ్వసాగింది.

మొదట ఇంటర్వ్యూ చేసి, తర్వాత పాడించేవాళ్ళం. ప్రశ్నలు అడిగితే అమ్మమ్మ తెలిసిన జవాబులే చెప్పేది, ఇంతకు ముందు వచ్చిన ఎందరికో చెప్పి చెప్పి అరగదీసినవి. క్రమం తిరగేశాం. ముందు పుస్తకం తెరిచి పాడమన్నాం. పాట మధ్యలో ఆగి, ఈ చరణం దగ్గర మా పెద్దత్త ఎప్పుడూ తాళం తప్పేది అనేది. అక్కడి నుంచి పెద్దత్త, ఆమె వండిన చేపల పులుసు, పస్కా పండుగకు నెల ముందు నుంచి ఇల్లంతా కడిగి బావి కూడా తోడించే హడావుడి, పెళ్ళిలో కట్టే తాళి, తోరా పఠనం ఏటా పూర్తయ్యే పండుగ సిమ్హత్ తోరా రాత్రి సినగాగ్ ముందు వెలిగే నూనె దీపాల వరస. ఒక్క ప్రశ్న అడగకుండా రెండు గంటలు. సినగాగ్‌లో రెండు వేదికలు ఉంటాయని, ఒకటి హాలు నడుమ, రెండోది పైన ఆడవాళ్ళ గది ముందు వసారాలో అని పుస్తకాల్లో చదివాను. పండుగ రోజు తోరా పైవేదిక మీదికి వచ్చేదని, జాలీ సందుల్లోంచి తమకు మూడడుగుల దూరంలో ఉండేదని ఆమె చెప్పినప్పుడు ఆ కట్టడం నాకు అర్థమైంది.

ఇక్కడ చేసిన తప్పు ఒకటి చెప్పాలి. సబ్‌టైటిళ్ళ కోసం ఒక పాట అచ్చు ప్రతిని దగ్గర పెట్టుకున్నాం. ఆమె పాడినదానికి, అచ్చుకు రెండు మాటల్లో తేడా వచ్చింది. ముసలితనం, మరచిపోయి ఉంటుందనుకుని అచ్చు ప్రకారం సబ్‌టైటిల్ వేశాం. ఆమె పట్టేసింది. పుస్తకం కెమెరాకు చూపించి, మా ఇంట్లో ఇలాగే రాసి ఉంది, అది వేరే ఊరి వాళ్ళ పాట అన్నది. నిజమే, ఈ పాటలు పుస్తకానికీ పుస్తకానికీ మారతాయి, ఆ తేడాల్లోనే ఏ ఊరి పాటో తెలుస్తుంది. త్యాగరాజ కీర్తనకు పాఠాంతరాలు ఉంటే తలలు బద్దలు కొట్టుకునే దేశం నుంచి వచ్చి, ముసలమ్మ పాఠాన్ని ‘దిద్దాం’.

పుస్తకాన్ని మేం అడిగి తీసుకోలేదు. ఆమె ఇంట్లోనే, కిటికీ వెలుగులో, పేజీ పేజీ ఫోటో తీయించాం. అట్ట, ఖాళీ పేజీలు, మూలన రాసుకున్న పచారీ లెక్కతో సహా. ఫైళ్ళ ఒక ప్రతి ముందు ఆ కుటుంబానికి, తర్వాతే మాకు. అంగీకార పత్రంలో మూడే ప్రశ్నలు: ఈ గొంతు ఎక్కడ వినిపించవచ్చు, పేరు ఉండాలా వద్దా, మీ తర్వాత ఎవరిని అడగాలి. మూడో ప్రశ్న చాలామంది అడగరు. ఆమె తన కూతురి పేరు కాకుండా చిన్న మనవరాలి పేరు చెప్పింది, ఎందుకో మేం అడగలేదు.

వడుగ పఱై

తెలుగు వ్యాఖ్యానం రాస్తున్నప్పుడు రాగిరేకుల దగ్గర ఆగిపోయాను. క్రీ.శ. 1000 ప్రాంతంలో చేర రాజు భాస్కర రవివర్మ యూదు వర్తక ప్రముఖుడు ఇస్సుప్పు ఇరప్పాన్‌కు 72 హక్కులు ఇస్తూ వేయించిన శాసనం అది. పరదేశీ సినగాగ్ వారి దగ్గర భద్రంగా ఉంది. లిపి వట్టెళుత్తు, తమిళ, మలయాళ దేశాల పాత లిపి. ఏ చిత్రంలోనైనా ‘ప్రాచీన శాసనం’ అని ఒక షాట్ వేసి దాటిపోయే వస్తువు. మేమూ అంతే చేసేవాళ్ళం. కానీ ఆ హక్కుల జాబితా మూలంలో చదివితే తెలుగువాడికి అనువాదం అక్కర్లేని మాటలు తగిలాయి: పగటి దీపం, నడిచే దారిన పరిచే పావడ, అందలం, గొడుగు, కాహళం, తోరణం. వాటి మధ్యలో ‘వడుగ పఱై’. పఱై అంటే తప్పెట. వడుగులు అన్నది తమిళ దేశం వారు ఉత్తరం వైపు వారిని, ముఖ్యంగా తెలుగువారిని, పిలిచిన పేరు. వెయ్యేళ్ళ కిందట కొడుంగల్లూరు వీధిలో యూదు ప్రముఖుడి ఊరేగింపు ముందు మోగే హక్కు పొందిన వాద్యం పేరులో మనవాళ్ళు ఉన్నారు. తెలుగు రూపంలో ఆ జాబితాను వ్యాఖ్యాత చేత మూల పదాలతోనే చదివించాం. మలయాళ రూపంలో ఆ భాగం నిడివి సగమే. రెండు భాషల ప్రేక్షకులకు ఒకే కట్ చూపించాలని ఎవరూ రూలు పెట్టలేదు.

భాష ఇంకో చోట కాలు పట్టి లాగింది. మలయాళంలో సినగాగ్, మసీదు, చర్చి మూడూ ‘పళ్ళి’యే. అమ్మమ్మ “మా పళ్ళి” అన్నప్పుడల్లా ఆ మాటలోని ఇరుగుపొరుగుతనం ‘సినగాగ్’ అని రాస్తే ఆవిరైపోతుంది. పోనీ అలాగే ఉంచుదామంటే తెలుగు ప్రేక్షకుడికి పల్లెటూరో వేరుశనగ పప్పో గుర్తొస్తుంది. చివరికి మొదటిసారి ‘జూతపళ్ళి’ అని వినిపించి, తెర మీద అర్థం వేసి, ఆ తర్వాత పళ్ళి అనే ఉంచాం. పరీక్షగా చూపినప్పుడు ఎవరూ పప్పు అనుకోలేదు.

లోపలి గోడలు

సామరస్యం కథ చెప్పడం సులువు, శ్రోతలకూ ఇష్టం. అయితే ఈ సముదాయం లోపల గోడలు ఉండేవి. పరదేశీలు మలబారీలతో పెళ్ళి సంబంధాలు కలుపుకునేవారు కాదు. విముక్త దాసుల సంతతి అని ముద్ర పడిన వారికి పరదేశీ సినగాగ్‌లో సమాన హోదా లేదు. బల్లల మీద చోటు ఉండేది కాదు, తోరా చదివే హక్కు ఉండేది కాదు. ఆ సంతతికి చెందిన అబ్రహాం బరాక్ సాలెం (1882–1967) న్యాయవాది అయ్యాడు, గాంధీజీ సత్యాగ్రహాన్ని ప్రార్థన మందిరంలోకే పట్టుకొచ్చాడు. ‘యూదు గాంధీ’ అని పేరు. తెలుగువాళ్ళకు ఈ భాగం విడమరిచి చెప్పాల్సిన పని పడలేదు, ఆలయ ప్రవేశం అన్న రెండు మాటలు చాలాయి.

సమాచారం ఇచ్చిన ఒక కుటుంబం ఈ భాగం వద్దంది. పాత గాయం, ఇప్పుడు ఎవరికీ పట్టింపు లేదు కదా అని. వాళ్ళ బాధ అర్థమైంది. వాళ్ళ ఇంటర్వ్యూను, వాళ్ళ ఫోటోలను ఆ భాగంలో ఎక్కడా వాడలేదు. బహిరంగంగా నమోదైన సంగతులతోనే రెండున్నర నిమిషాలు నడిపాం. భాగాన్ని మాత్రం తీసేయలేదు. ఆ కుటుంబం మాతో మాట్లాడటం తగ్గించింది. ఇది ఇలాంటి పనికి అయ్యే ఖర్చు, బడ్జెట్ కాగితంలో ఎక్కడా రాయరు.

కాపలా ఉన్నవాళ్ళ గురించి కూడా ఒక ఐదు నిమిషాలు ఉంది. 17వ శతాబ్ది ఆరంభంలో మరణించిన యూదు కవి నెహెమియా మోటా సమాధి మట్టంచేరి ఇళ్ళ నడుమ ఉంది. హిందువులు, ముస్లింలు, క్రైస్తవులు అక్కడ కొవ్వొత్తులు వెలిగించి మొక్కుకుంటారు. మాళలో వెళ్ళిపోయే ముందు 1955లో యూదులు సినగాగ్‌ను పంచాయతీకి అప్పగించారు. ఎర్నాకుళం కడవుంభాగం ముందు గదుల్లో ఏళ్ళ తరబడి మొక్కలు, అలంకారపు చేపలు అమ్మారు, ఆ వ్యాపారమే ఆ కప్పును నిలబెట్టింది. పరవూరు, చేందమంగళం మందిరాలు కేరళ ప్రభుత్వ ముజిరిస్ వారసత్వ ప్రాజెక్టులో ప్రదర్శనశాలలయ్యాయి. ఇవన్నీ తీయడం హాయిగా సాగింది, చెప్పుకోదగ్గ కష్టమేమీ లేదు.

చూసినవాళ్ళు

తుది నిడివి 26 నిమిషాలు. వయొలిన్ లేదు. ‘చివరి’ అన్న మాట వ్యాఖ్యానంలో ఒక్కసారీ రాదు. కొచ్చిలో చూపినప్పుడు ఎర్నాకుళం మార్కెట్ దగ్గర పెరిగిన ఒక పెద్దమనిషి లేచి, ఆ దీపం మా ఇంట్లో ఉండొచ్చు అన్నాడు. వెళ్ళి చూశాం. దీపం పాతదే, కానీ ఆ ఇంటి వాళ్ళు అమ్మమ్మ చెప్పిన పక్కింటి వాళ్ళు కారు. అలాంటి దీపాలు ఆ వీధిలో ఇంకా రెండు ఇళ్ళలో ఉన్నాయట.

గుంటూరులో చూపించినప్పుడు మొదటి ప్రశ్న ఊహించిందే: మన చేబ్రోలు దగ్గర కొత్తరెడ్డిపాలెంలో సినగాగ్ ఉంది కదా, వాళ్ళ గురించి ఎందుకు తీయలేదు? బెనె ఎఫ్రాయిం పేరుతో యూదు ఆచారాలు పాటించే ఆ తెలుగు కుటుంబాలది మరో కథ, ఇప్పుడు నడుస్తున్న కథ. పోయిన వారసత్వం అనే గాట కట్టేస్తే వాళ్ళకు అన్యాయం చేసినట్టే. తీస్తే వేరే చిత్రంగా తీయాలి, అది ఆ ఊరి వాళ్ళు అడిగితేనే.

అమ్మమ్మ తుది కట్ రెండుసార్లు చూసింది. మొదటిసారి ఏమీ అనలేదు. రెండోసారి చూసి, పెళ్ళి పాట రెండో చరణం తొందరపడి పాడానని, దమ్ము చాలలేదని, మళ్ళీ పాడతానని కబురు పంపింది. అప్పటికే చిత్రం అప్పగించేశాం, మార్చే వీలు లేదు. ఆ సంగతి చెప్పకుండా సరే పాడమన్నాం. ఫోనులో వచ్చిన ఆ రికార్డు 4 నిమిషాల 10 సెకన్లు. వెనక ఫ్రిజ్ మోగుతోంది, ఈసారి ఎవరూ ఆపలేదు. రెండో చరణం మధ్యలో ఆమె ఆగితే ఆ కొట్టాయం అమ్మాయి పుస్తకంలో చూసి తర్వాతి మాట అందించింది. అక్కడి నుంచి చివరిదాకా ఇద్దరూ కలిసి పాడారు.